అత్త పంచిన ద్రాక్ష కొమ్మలు

మొన్న మా వీధిలోకి మొక్కలమ్మే ఆటో వచ్చింది. మైకులో గులాబీ, మందార, దానిమ్మ, డ్రాగన్ ఫ్రూట్ అని వరసగా చదువుతున్న గొంతు చివర్లో "ద్రాక్ష మొక్కలు కూడా కలవు" అంది. మా కోడలు చేస్తున్న పని వదిలేసి వీధిలోకి పరుగెత్తింది. నల్ల ప్లాస్టిక్ సంచిలో మూరెడు మొక్క పట్టుకొచ్చి, "మేడమీద పందిరి వేసుకుందాం అత్తయ్యా, ఎంత బాగుంటుందో!" అంది.

"వద్దమ్మా. మన నర్సీపట్నంలో ద్రాక్ష బతకదు" అన్నాను. నేననుకున్నదానికంటే గట్టిగా అన్నట్టున్నాను. ఆ పిల్ల ముఖం చిన్నబుచ్చుకుని, మొక్క తిరిగిచ్చేసి మల్లె అంటు తెచ్చుకుంది.

నేనన్నది అబద్ధం. ద్రాక్ష బతికింది. మా పెరట్లోనే, నా చిన్నతనమంతా బతికింది. దాన్ని తెచ్చినామె మా మేనత్త.

మా ఇల్లు మిషను కాంపౌండు వెనక వీధిలో ఉండేది. నాన్న బస్సు డిపోలో మెకానిక్కు. అమ్మా, నాన్నా, నేనూ, తమ్ముడూ, మాతోపాటు అత్త. అత్త నాన్నకి అక్క. మా వైపు అక్కని అప్ప అంటారు. ఆమెను హైదరాబాదు దగ్గర ఎక్కడో ద్రాక్షతోటలో పనిచేసే ఆయనకిచ్చి చేశారు. పిల్లల్లేరు. ఆయన జ్వరమొచ్చి పోయాక అత్త పుట్టింటికి వచ్చేసింది. అప్పటికి నేను ఉయ్యాల్లో ఉన్నానట. ఆమె వచ్చిన వైనం అమ్మ ఎన్నిసార్లు చెప్పేదో.

"బట్టల పెట్టెని బస్సు మీదకెక్కించీసి, గోనె మూటని మాత్రం ఒళ్ళో పెట్టుకుని వొచ్చినాది మీ అత్త. లోపల బంగారం ఉన్నాదేమో అనుకున్నాను. విప్పితే కట్టెపుల్లలు! తడి కట్టెపుల్లలు!"

అవి మామయ్య పోయే ముందు కత్తిరింపుల్లో కోసి, తడి ఇసకలో దాచిన ద్రాక్ష కొమ్మలు. "ఆయన్ని తేలేకపోనానురా తమ్ముడా, ఇవి తెచ్చినాను" అందట అత్త. నాన్న ఆ పూటే పెరట్లో గోతులు తీశాడట. అవి చిగిర్చాక డిపోలో పనికిరాక పడేసిన ఇనుప గొట్టాలు అడిగి తెచ్చి, జీఐ తీగ అల్లి, పెరడంతా పందిరి వేశాడు.

నాకు ఊహ తెలిసేసరికి ఆ పందిరి కింద ఎప్పుడూ చల్లటి పచ్చ వెలుతురే. అది నల్లద్రాక్ష, మందం తొక్క, లోపల గింజలు. పండు నోట్లో పెట్టుకుని నొక్కితే గుజ్జు గొంతులోకి జారిపోయి తొక్క పళ్ళ మధ్య మిగిలిపోయేది. పండేదాకా ఆగేవాళ్ళమా మేం! పచ్చికాయలు కోసుకుని ఉప్పూకారం అద్దుకుని, పళ్ళు పులిసి అన్నం నమలలేక అమ్మ చేత తిట్లు తినేవాళ్ళం. తీగకొసల్లో మెలికలు తిరిగిన నులితీగలు చెవులకి తగిలించుకుని లోలాకులనే దాన్ని. తమ్ముడు అవి కూడా నమిలేసేవాడు. అత్త లేత ఆకులు కోసి పప్పులో వేసేది. పులుపు చాలకపోతే నాలుగు పచ్చికాయలు చిదిమేది. సాయంత్రాలు మా మిషను గుడికి వచ్చే ఆడవాళ్ళు పందిరి కింద చాపలేసుకుని కూర్చుని, ప్రార్థన అయ్యాక లోకం మీది కబుర్లన్నీ చెప్పుకునేవారు. ఎవరి కోడలు ఎలాంటిదో, హాస్పిటల్లో కొత్త నర్సమ్మ చీర ఎలా కడుతుందో, అన్నీ నాకు ఆ పందిరి కిందే తెలిశాయి.

ఏడాదికంతటికీ పెద్ద పని గుడ్ ఫ్రైడే ముందు వారంలో ఉండేది. ఆరాధనలో అందరూ రొట్టే రసమూ పుచ్చుకునే ప్రభువు బల్లకి మా గుడిలో వాడే ద్రాక్షరసం అత్తే చేసేది. పెద్ద అల్యూమినియం గుండిగలో పళ్ళు చిదిమి పొయ్యి మీద పెడితే, ఊదారంగు నురగ లేచి, ఆ తియ్యటి పులుపు వాసన వీధి మలుపుదాకా పోయేది. పాత తెల్లపంచెలో వడకట్టి సీసాల్లో పోసేవారు. సీసాలు పాతసామాన్ల కొట్టునుంచి తెచ్చినవి, అంటే బ్రాందీ సీసాలే. వాటి కాగితాలు నానబెట్టి గీకడం నాకూ తమ్ముడికీ పని. ఒక ఏడు ఆటలో పడి ఒక సీసాకి గీకడం మర్చిపోయాం. గుడిలో సంఘపెద్దాయన దాన్ని పైకెత్తి చూస్తే మీసాల రాజుగారి బొమ్మ! పాస్టరుగారు నవ్వాపుకోలేక దగ్గారు. అత్త మాత్రం ఇంటికొచ్చి మా ఇద్దరి చెవులూ మెలేసింది. "దేవుడి కాడ కూడా మీ యెదవ పన్లేనా!" అంటూనే, కళ్ళనీళ్ళొచ్చేలా నవ్వింది.

కత్తిరింపులు అయ్యాక కోసిన కొమ్మల్ని అత్త పారేసేది కాదు. జానెడేసి ముక్కలు చేసి, తడి గుడ్డలో కట్టి అడిగినవాళ్ళకీ అడగనివాళ్ళకీ పంచేది. బలిఘట్టంలో ఒకరికి, నాతవరం వైపు ఒకరికి, ఏటికొప్పాకలో లక్కబొమ్మలు చేసేవాళ్ళకి, మిషను కాంపౌండులో నాలుగైదు ఇళ్ళకి. ఎవరైనా మా ఇంటికొచ్చి, "ద్రాక్షమ్మగారూ, మీరిచ్చిన కొమ్మ పూత పట్టిందండీ" అంటే ఆ రోజు అత్తకి ఆకలి వేసేది కాదు. ఆమె ముఖం మీద ఉండే వెలుగుని చూసి అమ్మ, "మీ అత్తకి పిల్లల్లేరని ఎవరన్నారే? ఊరంతా ఉన్నారు" అనేది.

నేను ఏడో క్లాసులో ఉండగా నాన్న అత్తని సంతోషపెట్టాలనుకున్నాడు. దూరం బస్సు తోలే డ్రైవరు ఒకాయనకి చెప్పి గింజలేని తెల్లద్రాక్ష కొమ్మలు తెప్పించాడు.

"ఇదిగో అప్పా, నోట్లో ఏసుకుని నమిలీడమే. గింజ ఊసే పన్లేదు."

"ఇంత దూరం నుంచి నా కోసం తెప్పించినావేట్రా?" అంది అత్త, కొమ్మల్ని బుగ్గకానించుకుని.

నల్లద్రాక్ష పక్కనే నాటింది. అవి తొందరగా అందుకున్నాయి. మరుసటి ఏడు దసరా వెళ్ళాక అన్నిటికీ కలిపి కత్తిరింపులు చేసింది. ఆ వెంటనే సముద్రంలో వాయుగుండం అన్నారు, ముసురు పట్టుకుంది. పగలూ రాత్రీ తేడా లేకుండా వాన. గుడ్డలు ఆరవు. గోడలు చెమ్మగిల్లాయి. కొత్త చిగుళ్ళు వానలో తడుస్తూనే సాగాయి.

మచ్చల్ని మొదట చూసింది అత్తే. తెల్లద్రాక్ష ఆకు అడుగున సూదిమొనంత తడి చుక్కలు, నూనె చిందినట్టు. వెలుతురుకి పెట్టి చూస్తే కనపడేవి. కొన్నాళ్ళకి అవి నల్లబడ్డాయి, చుట్టూ పసుపు అంచు వచ్చింది. తరవాత ఆకు కాడల మీద, లేత కొమ్మల మీద నల్లటి చారలు దిగి, అవి నిలువునా పగిలాయి. తర్వాత నల్లద్రాక్షకీ వచ్చింది.

"మంచు పడినాదేమో వదినా" అంది అమ్మ.

"ఎండ కాస్తే అదే పోతాదిలే అప్పా" అన్నాడు నాన్న.

ఎండ కాసింది. పోలేదు. నాన్న వ్యవసాయశాఖ ఆఫీసుకి వెళ్ళి కుర్ర ఆఫీసరుగారిని స్కూటరు మీద తీసుకొచ్చాడు. ఆయన జేబులోంచి భూతద్దం తీసి చాలా ఆకులు చూశాడు. ఒక కొమ్మని చీల్చి లోపలా చూశాడు.

"ఇది పురుగు కాదండీ, బూజు కాదు. బాక్టీరియా."

"దానికి మందేటి బాబూ?" అంది అత్త.

"పైపైన ఉన్నదాన్ని ఆపొచ్చమ్మా. కొమ్మ లోపలికెళ్ళిపోయినదాన్ని బయటికి లాగే మందు లేదు. తెగులున్న కొమ్మలన్నీ కోసి కాల్చెయ్యండి. ఒక చెట్టు కోసిన కత్తి స్పిరిట్లో ముంచకుండా ఇంకో చెట్టుకి పెట్టకండి. ఆకులు తడిగా ఉన్నప్పుడు తోటలో తిరగొద్దు. బోర్డో మిశ్రమం కొట్టండి. మళ్ళీ వాన పడకపోతే కొంత నిలుస్తుంది."

పడకపోతే! మా వైపు కార్తీకం దాటేదాకా వానకి నమ్మకమేముంది?

అయినా ఆ చలికాలమంతా మా ఇల్లు ఆస్పత్రిలా ఉండేది. మైలుతుత్తం ఒక ప్లాస్టిక్ బకెట్లో, సున్నం ఇంకో దాంట్లో నానబెట్టి, రెండూ కలిపితే ఆకాశం రంగు బోర్డో మిశ్రమం అయ్యేది. నాన్న అందులో ఇనుప చాకు ముంచి చూసేవాడు. దాని మీద ఎర్రగా రాగి పడితే సున్నం చాలలేదన్నట్టు. అప్పుడు అమ్మ ఇంకో గిన్నెడు సున్నపు నీళ్ళు పోసేది. తెల్లారగానే పంపు భుజాన వేసుకుని నాన్న తీగలన్నిటికీ కొట్టి, ఆ నీలం చేతులతోనే డ్యూటీకి పోయేవాడు. ఎరువుల కొట్టులో ఇచ్చిన యాంటీబయాటిక్ పొడి కూడా కలిపి కొట్టాడు. ఇల్లంతా తడి సున్నం వాసన, స్పిరిట్ వాసన. రాలిన ఆకులు ఏరడం నాకూ తమ్ముడికీ అప్పజెప్పారు. ఒక్క ఆకు వదిలినా అత్త వెనకాలే వచ్చి వంగి తీసేది. మేం నీలం నీళ్ళతో గోళ్ళకి రంగేసుకుంటే మాత్రం వీపు మీద ఒక్కటిచ్చింది. "విషమే గుంటా! నోట్లో ఎట్టుకుంటే సస్తావు!"

పాస్టరుగారొచ్చి పందిరి కింద ప్రార్థన చేశారు. ఆడవాళ్ళు ఉపవాసముండి పాటలు పాడారు. వారం పదిరోజులు కొత్త మచ్చ కనపడేది కాదు. అత్త ముఖం విప్పారేది. మళ్ళీ ఒక మబ్బు పట్టి నాలుగు చినుకులు పడేవి, నీలం రంగంతా కారిపోయి నేల మీద మడుగు కట్టేది. తరవాత వారానికి మళ్ళీ మచ్చలు.

"బండి ఆగితే ఏ పార్టు పోయినాదో సూసి మార్సుతాం. దీనికేటి మార్సాల?" అన్నాడు నాన్న ఒకరోజు, పంపు కింద పడేసి.

ఆఫీసరుగారు మళ్ళీ వచ్చారు. అంతా తిరిగి చూసి, "ఈ తెల్లరకం ఎక్కణ్ణుంచి తెచ్చారు?" అన్నారు. నాన్న చెప్పాడు. "దాంతోనే వచ్చి ఉండొచ్చు. ఖాయంగా చెప్పలేం" అన్నారాయన. నాన్న తల దించుకున్నాడు. అత్త చప్పున, "ఆడు తేకపోయినా వొచ్చీదేమో బాబూ, గాలికి రాదేటి?" అంది. ఆయన ఆమె వైపు తిరిగారు.

"ఈ మధ్య కొమ్మలు ఎవరికైనా ఇచ్చారామ్మా?"

అత్త గట్టు మీద కూలబడింది. మచ్చలు కనపడక ముందు, ఆ దసరా కత్తిరింపుల్లోనే నల్లవీ తెల్లవీ అందరికీ పంచేసింది. ఇదివరకు పంచినవాళ్ళందరికీ, అన్ని పందిళ్ళకీ తోడు, గింజలేనివని మురిపెంగా.

"వాళ్ళందరి చేతా తీయించెయ్యాలమ్మా. లేకపోతే పాత తీగలకీ పాకుతుంది."

మర్నాటినుంచి అత్త బయలుదేరింది. స్కూలు లేని రోజుల్లో నన్ను వెంట తీసుకెళ్ళేది. కాంపౌండులో వాళ్ళు మాట విని తీసేశారు, మొహాలు మాడ్చుకుని. నాతవరం వైపు ఇచ్చినావిడ పందిరి అప్పటికే ఎండిపోయింది. బలిఘట్టంలో ఒక పెద్దాయన నల్లద్రాక్షని వాకిలంతా పాకించుకున్నాడు. దాని ఆకుల మీద మచ్చలు స్పష్టంగా ఉన్నాయి.

"కాయకపోతే మానీనాది. నీడున్నాది కదా నాకు" అన్నాడాయన, మంచం మీంచి లేవకుండానే.

"మీదుంటే మిగతావోళ్ళవి తీసినా లాభం లేదండి. దండం పెడతాను" అంది అత్త, రెండు చేతులూ జోడించి.

"ఇచ్చినావు, తీసుకున్నాను. ఇప్పుడది నీది కాదు. యెళ్ళు."

ఏటికొప్పాక ప్రయాణం నాకు ఇప్పటికీ కళ్ళకి కట్టినట్టుంది. బస్సు దిగి, ఏటి గట్టునే నడిచి వెళ్ళాం. బొమ్మలు చేసే ఆయన పాకలో చక్రం తిరుగుతోంది, వేడెక్కిన లక్క వాసన వస్తోంది. పాక ముందు గుంజల మీద అత్తిచ్చిన తీగ. దాని మొదట్లో నా ఈడు పిల్ల ఒకతి కూర్చుని చెంబుతో నీళ్ళు పోస్తోంది. రోజూ ఏటినుంచి తనే మోసుకొచ్చి పోస్తుందట.

అత్త విషయం చెప్పింది. ఆ పిల్ల తల్లి నడుం మీద చేతులు పెట్టుకుని విని, "ఇచ్చినప్పుడు తెల్దేటమ్మా మీకు? మా గుంట దీన్ని సంటిపిల్లని సాకినట్టు సాకినాది. ఇయ్యాల వొచ్చి పీకెయ్యమంటారా?" అంది.

"తెల్దు తల్లీ. తెలిస్తే ఇద్దునా?"

చక్రం ఆగింది. ఆయన లేచి వచ్చి, "సెప్పడానికి ఇంత దూరం వొచ్చినారు కదే, వల్లకో" అని పెళ్ళాన్ని ఆపి, కొడవలి తీశాడు. ఆ పిల్ల గుంజని పట్టుకుని నిలబడిపోయింది. ఆయన ఒక చేత్తో పిల్లని విడిపించి, రెండో చేత్తో తీగ నరికాడు. పిల్ల గట్టిగా ఏడవలేదు. అత్త దాని తల నిమరబోతే మాత్రం వెనక్కి జరిగింది. నరికిన తీగనంతా పోగేసి, కాల్చేదాకా ఉండి వచ్చేశాం.

 నర్సీపట్నంలో బస్సు దిగాక అత్త, "ఆ గుంట నన్ను సూసిన సూపు సూసినావా?" అంది.  ఆ తరవాత ఆమె నన్ను ఎవరింటికీ తీసుకెళ్ళలేదు, తనే ఒక్కత్తీ తిరిగింది.

మా పెరట్లో ఆ ఏడు వేలాడిన గుత్తుల కాడలు నల్లగా ఎండాయి. కాయలు గోలీల సైజు కాకుండానే పొక్కులు లేచి, పగిలి, ముడుచుకుపోయాయి. ఇక లాభం లేదని తెల్లద్రాక్ష ముందు పీకేశాం. ఒక్కొక్కటే అన్నీ పోయాయి. ఆఖరికి మొదట నాటిన నల్లద్రాక్ష మొదలు ఒకటి మిగిలింది, నాన్న తొడంత లావుది. దాని ఒక పక్క కొమ్మలు ఇంకా పచ్చగా ఉన్నాయి.

"ఈ ఒక్కటీ ఉంచుదాం అప్పా" అన్నాడు నాన్న. "బావ కోసిన కొమ్మ కదా. నాను మందు కొడతాను. రోజూ కొడతాను."

అత్త ఆ మొదలు మీద చెయ్యి వేసి ఉంచింది.

"మీ బావే ఉంటే ముందు దీన్నే కాల్చీవోడురా" అంది. "బేగి కానీ. నా సేతుల్తో మాత్రం కాదు."

నాన్న డిపోనుంచి గొలుసు తెచ్చి, జాకీ పెట్టి ఎత్తాడు. వేరు మట్టిలోంచి బారుగా వచ్చింది, లోపల ఇంకా తడిగా. పచ్చిది కావడంవల్ల మంట అంటుకోక తెల్లటి పొగ చుట్టేసింది. పక్కిళ్ళవాళ్ళు కిటికీలు మూసుకున్నారు. అమ్మ రమ్మని పిలుస్తున్నా అత్త ఆ పొగలోనే నిలబడింది. ఆమె చీర కొంగు చాలా రోజులు ఆ వాసనే వేసింది.

ఆ ఏటి ఈస్టరుకి పాస్టరుగారు విశాఖపట్నంనుంచి సీసాలో రసం తెప్పించారు. అత్త రాదేమో అనుకున్నాం. వచ్చింది. వరసలో నిలబడింది, చిన్న గిన్నె తీసుకుని తాగింది. ఇంటికొచ్చాక అమ్మ భయంభయంగా ఎలా ఉందని అడిగితే, "తియ్యగానే ఉన్నాదిలే" అని గదిలోకి వెళ్ళి పడుకుంది.

తొలకరికి, పీకేసిన చోట ఏ వేరుముక్క మిగిలిందో, రెండాకుల చిగురు లేచింది. తమ్ముడు చూసి ఎగిరి గంతేశాడు. ఇద్దరం అరుచుకుంటూ పోయి అత్తని చెయ్యి పట్టుకుని లాక్కొచ్చాం. ఆమె మెల్లగా కూర్చుని చూసింది. రెండో ఆకు అంచున అప్పటికే నల్లచుక్క ఉంది. వేలితో మట్టి తవ్వి, ఆ వేరుముక్కతో సహా తీసి, తీసుకెళ్ళి పొయ్యిలో పెట్టింది. ఆ పూట మేమెవ్వరం అన్నం సరిగా తినలేదు. పందిరి గొట్టాల మీద అమ్మ ఆనపతీగ పాకించింది గానీ, దాని కాయ కొయ్యడానికి కూడా అత్త పెరట్లోకి వెళ్ళేది కాదు.

బలిఘట్టం పెద్దాయన తీగ కూడా రెండేళ్ళు గడిచేసరికి చచ్చిందని విన్నాం. ఆయన నీడా పోయింది. నేను పెద్దయ్యాక ఎవరినడిగినా అదే చెప్పారు. ఆ ఆఫీసరుగారు చెప్పినవన్నీ సరైనవే, ఇప్పుడైనా అంతకంటే చెప్పడానికి పెద్దగా ఏమీ లేదట. కొయ్యాలి, కాల్చాలి, రాగిమందు కొట్టాలి, శుభ్రమైన కొమ్మ నాటాలి. మేం చెయ్యగలిగిందంతా చేశాం. మా గాలీ మా వానలూ ఆ తెగులుకే అనుకూలం.

అత్త ఆ తరవాత చాలా ఏళ్ళు బతికింది. బియ్యంలో రాళ్ళు ఏరేది, గుడికి వెళ్ళొచ్చేది, గోడకేసి తిరిగి పడుకునేది. ఎవరికీ ఏదీ ఇచ్చేది కాదు. గిన్నెడు కూర పక్కింటికి ఇచ్చి రమ్మన్నా, "నా సేత్తో వొద్దు" అనేది. ఆమెను ద్రాక్షమ్మగారని పిలిచేవాళ్ళు ఒక్కొక్కళ్ళే పోయారు.

ఆమె పోయిన రోజు గుడికి కొత్తగా వచ్చిన పాస్టరుగారు, సమాధి దగ్గర నాలుగు మంచి మాటలు చెప్పాలి కదా అని నాన్నని పక్కకి పిలిచారు. "అక్కగారు ఏం చేసేవారండీ?" అని అడిగారు.

నాన్న కళ్ళు పెరట్లోని పాత పందిరి గొట్టాల మీదకి పోయాయి.

"ఏటీ లేదండి" అన్నాడు. "ఇంట్లోనే ఉండీది."